పంది డొక్క, ఉస్తాద్ కత్తి

నేను ముప్పై ఏళ్ళకు పైగా కాలువ శాఖ బంగళాల్లో వంట చేశాను. జీతం ఎప్పుడు పెరిగింది, ఎక్కడి నుంచి ఎక్కడికి బదిలీ అయింది అన్నవి ఇక్కడ రాయను. వాటివల్ల ఎవరికీ వంట రాదు. ఈ పనిలోకి కొత్తగా వచ్చేవాళ్ళు నన్ను మసాలాల కొలతలు అడుగుతుంటారు. కొలతలు నెల రోజుల్లో చేతికి వస్తాయి. ఒక పొయ్యి దగ్గర ఇద్దరు మనుషులు ఎలా పనిచేయాలన్నది నాకు తెలియడానికి మాత్రం చాలా కాలం పట్టింది. అది కూడా పంది మాంసానికి పొగ పెట్టబోయి, ఒక తప్పు చేసి నేర్చుకున్నాను. ఆ సంగతే కాస్త వివరంగా చెబుతాను.

బంగళా వంటిల్లు

నా పేరు నర్సప్ప, మాది యాపలదిన్ని. కాలువ పనులు జోరుగా సాగుతున్న రోజుల్లో, అరవైలలో, జవళగేర దగ్గరి క్యాంపు బంగళాలో రెండో వంటవాడిగా చేరాను. అప్పటికి నాకు ఇరవై ఆరేళ్ళు, పెళ్ళయి మూడేళ్ళు. బంగళా వెనక పనివాళ్ళ ఇళ్ళ వరుసలో మాకో గది ఇచ్చారు. నా భార్య ఈరమ్మ గది ముందు పందిరి వేసి దాన్నే వంటిల్లు చేసుకుంది.

బంగళాలో పెద్ద వంటవాడు ఖాదర్ సాబ్. రాయచూరు మనిషి. నిజాం కాలంలో అధికారుల ఇళ్ళలో వండి చేయి తిరిగినవాడు. అందరం ఉస్తాద్ అని పిలిచేవాళ్ళం. కోపం ఎక్కువ. పులుసు అడుగంటితే గిన్నె పెరట్లోకి విసిరేసేవాడు. బిర్యానీ బియ్యం ఎంతసేపు ఉడకాలో మొదటి రెండేళ్ళు నాకు చెప్పనే లేదు. ఆ టైముకి నన్ను ఏదో పని మీద బజారుకు పంపేవాడు. విద్య అలా దాచుకోవడం తప్పని నాకు ఇప్పటికీ అనిపిస్తుంది. కానీ నేర్పినది మాత్రం సగంలో వదిలేయలేదు. ఉల్లిగడ్డ ఎలా పట్టుకోవాలన్న దగ్గర్నుంచి మొదలుపెట్టాడు.

ఆయనకో పొడవాటి కత్తి ఉండేది. ఆయనకు వంట నేర్పిన ఉస్తాద్ ఇచ్చినది. గోడకు మేకు మీద గుడ్డ చుట్టి వేలాడేది. దాన్ని ఇంకెవరూ ముట్టేవాళ్ళు కాదు. ముట్టొద్దని ఆయన ఎప్పుడూ చెప్పలేదు. చెప్పాల్సిన అవసరం రాలేదు.

ఇంజనీరు అడిగింది

క్యాంపు ఇంజనీరు చెంగప్పగారు కొడగు నుంచి వచ్చినవాడు. మాతో కన్నడలో మాట్లాడేవాడు. ఆ ఏడు వానాకాలం పోతూపోతూ ఆయనకు చలిజ్వరం తెచ్చిపెట్టింది. మందులతో జ్వరం తగ్గింది కానీ నోటికి రుచి తెలియలేదు. ఏం వండి పంపినా పళ్ళెం సగం తిరిగి వచ్చేది. బట్టలు వదులైపోయాయి. కాలువ గట్టు మీద నాలుగడుగులు వేసి కూర్చునేవాడు. డాక్టరు ఏదైనా తినమనండి, ఇష్టమైనది తినమనండి అన్నాడు.

ఒక మధ్యాహ్నం ఇంజనీరే వంటింటి గుమ్మం దగ్గరికి వచ్చాడు. వాళ్ళ ఊళ్ళో పంది మాంసానికి ఉప్పు పట్టించి పొయ్యి పైన కట్టి పొగలో ఎండబెడతారట. అది ఉంటే రెండు ముద్దలు తినగలనేమో అన్నాడు.

ఖాదర్ సాబ్ గరిటె కింద పెట్టి చేతులు తుడుచుకున్నాడు.

"మాఫ్ చేయుండ్రి సాబ్. అది నా పొయ్యి మీదికి రాదు. నర్సప్ప ఇంటి కాడ చేస్తడేమో అడుగుండ్రి. బంగళా గిన్నె, బంగళా పొయ్యి మాత్రం ముట్టొద్దు. గంతే."

ఇంజనీరు ఆయన మీద అధికారం చూపించలేదు. "నువ్వు చెప్పింది సరే ఖాదర్" అని నా వైపు చూశాడు. నేను కొంతమంది పెద్ద అధికారుల దగ్గర పనిచేశాను. వంటవాడు కాదన్న మాటను అంత తేలిగ్గా ఒప్పుకున్నవాళ్ళు వాళ్ళలో తక్కువ.

నేను వెంటనే చేస్తానన్నాను. పంది వండటం నాకు అస్సలు రాదు. మా ఇంట్లో తినరు కూడా. అయినా ఎందుకు ఒప్పుకున్నానంటే, అప్పటిదాకా ఆ బంగళాలో నా చేతి వంట అని చెప్పుకోవడానికి ఒక్కటీ లేదు.

ఈరమ్మతో చెబితే చేటలో జొన్నలు చెరుగుతున్నదల్లా ఆపింది.

"ఇంట్లకి తెస్తే నేను యాపలదిన్ని పోత. బయట చేస్కో. గిన్నెలు, కట్టెలు, గుడ్డ పేలిక కూడ వేరే పెట్టుకో. నా పందిరి కిందికి రావొద్దు."

తారు పీపా

మట్టి పని చేసే ఒడ్డెర కుటుంబాలు కాలువ పక్కన గుడిసెలు వేసుకుని ఉండేవి. వాళ్ళకు పందుల మందలుండేవి. వాళ్ళలో ఎల్లవ్వ అనే ఆవిడ దగ్గర పంది జబ్బ ఒకటి ఎముకతో సహా కొన్నాను. పెద్ద ముక్క అయితే గొప్పగా ఉంటుందనుకున్నాను. రోడ్డు పనుల దగ్గర ఖాళీ పీపా ఒకటి దొరికితే దొర్లించుకుంటూ తెచ్చాను. పైన ఉప్పు రాసి, పీపాలో వేలాడదీసి, కింద వేపకొమ్మలు పచ్చివి వేసి మంట పెట్టాను. ఒక పూటంతా ఇంటి వెనక మబ్బు పట్టినట్టు పొగ.

ఆ జబ్బ పైన బొగ్గులా నల్లబడింది. కోస్తే లోపల పచ్చి. ఆ పచ్చి భాగాన్ని వేయించి పళ్ళెంలో పెట్టుకుని వెళ్ళాను. ఇంజనీరు ఒక ముక్క నోట్లో పెట్టుకున్నాడు. కాసేపు నమిలి మెల్లగా పళ్ళెం అంచున పెట్టాడు.

"నర్సప్పా, దీంతో రోడ్డు వేయవచ్చు."

తారు రుచి! అది ఏ పీపానో నేను ఆలోచించనే లేదు. మర్నాటికి మిగతా మాంసం ఎముక దగ్గర వాసన కొట్టింది. గుంత తీసి పూడ్చాను.

ఎల్లవ్వకు సంగతి తెలిసి మా పెరట్లోకి వచ్చింది. యాభై ఏళ్ళుంటాయి. పలుగు పట్టి కాయలు కాసిన చేతులు. పీపాను కాలితో తన్నింది.

"తారు పీపల పెడితివా తమ్మీ? తినేటోళ్ళు మనుషులు గాదా?"

"తెల్వక చేసిన అక్కా."

"తెల్వకపోతే అడుగాలె. నేనేమన్న మద్రాసుల ఉన్ననా? గా గట్టు కాడ ఉన్న."

ఇది నా మొదటి తప్పు, చిన్నది. తెలిసిన మనిషి పిలిస్తే పలికేంత దూరంలో ఉండగా, ఆవిడ మట్టి మోసే మనిషి కదా, బంగళా వంటవాడికి ఏం చెబుతుందిలే అనుకున్నాను. అసలు కారణం అదే. తెలియకపోవడం కాదు.

ఎల్లవ్వ చెప్పిన పద్ధతి

ఆవిడ జబ్బ వద్దంది. డొక్క తీసుకోమంది. డొక్కలో తోలు, కొవ్వు, కండ పొరలు పొరలుగా ఉంటాయి. కొనేవాళ్ళు తొడ కండ అడుగుతారు, డొక్క చవగ్గా మిగిలిపోతుంది. పొగకు మాత్రం అదే మంచిది. ఎముక ఉండదు కాబట్టి లోపల కుళ్ళదు. కొవ్వు ఉంటుంది కాబట్టి ఎండిపోదు.

ముందు కండను రెండు మూడు చోట్ల చీల్చి చూపించింది. లోపల బియ్యపు గింజల్లాంటి తెల్లటి బుడిపెలు కనబడితే ఆ పంది మొత్తం పారేయాల్సిందేనట.

"నీళ్ళల కడుగుత, పొగల పెడత అంటె కాదు తమ్మీ. గింజ కనవడ్డదా, గుంతల పూడ్చు. నాది ఒక పంది పోతె పోనీ."

ఆ మాట నాకు ఉద్యోగం ఉన్నంతకాలం పనికొచ్చింది. తన సరుకును తానే చీల్చి చూపించే మనిషి దగ్గర కొనడం మేలు.

డొక్కను జానెడు వెడల్పు పట్టీలుగా కోయించింది. ఉప్పు, పసుపు, దంచిన మిరియాలు గట్టిగా రుద్ది, వేరే మట్టి చిప్పలో పెట్టి పైన బండరాయి ఎత్తించింది. ఒక రాత్రి అలా ఉంటే నీరంతా దిగుతుంది. తెల్లవారాక కడిగి, పొడిగుడ్డతో తుడిచి, ఈగలు వాలకుండా పలచని బట్ట కప్పి గాలికి కట్టాలి. పైన ముట్టుకుంటే వేలికి జిగటగా అంటేదాకా పొగ దగ్గరికి తీసుకుపోకూడదు. తడి మీద పొగ మసిగా పడుతుంది.

పీపా బదులు అడుగు పోయిన మట్టి బాన ఒకటి తెచ్చింది. గుంత తవ్వి అందులో తుమ్మ కట్టె కాల్చి నిప్పులు చేయించింది. బానను గుంత మీద బోర్లించి, పైన పగిలిన అడుగుకు అడ్డంగా కర్ర పెట్టి పట్టీలు వేలాడదీసి, తడి గోనెసంచి కప్పింది. నిప్పుల మీద తడిపిన చింతపేళ్ళు, అంటే చింతకట్టె చెక్కముక్కలు, కొంచెం కొంచెం. మంట లేవకూడదు, నిప్పు చావకూడదు. పొద్దున పెడితే సాయంత్రందాకా కదలకుండా కూర్చోవాలి. వేపకట్టె చేదు, పచ్చికొమ్మ మసి. తోలు కాల్చిన ఇటుక రంగుకు వచ్చి, ఇనుప చువ్వ గుచ్చితే నీరు తేటగా కారితే అయినట్టు. అయినా వడ్డించేముందు మళ్ళీ బాగా వేయించాల్సిందే. చలికాలంలో తప్ప మా ఎండల్లో ఈ పని పెట్టుకోవద్దని గట్టిగా చెప్పింది.

వాసన మాత్రం మొదటిసారికీ దీనికీ పోలికే లేదు. ఈరమ్మ కూడా పందిరి కింద నుంచి "ఇదేంది, గిట్ల వస్తాంది?" అంది.

నేను చేసిన పని

ఆ పట్టీలు పలచగా కోయాలి. వాళ్ళమ్మ కోస్తే ముక్కలోంచి దీపం కనబడేదని ఇంజనీరు చెప్పాడు. నా కత్తితో కోస్తే తోలు ఒకవైపు, కొవ్వు ఒకవైపు చీలిపోయింది. రెండు ముక్కలు పాడయ్యాయి.

అది శుక్రవారం. ఖాదర్ సాబ్ నమాజుకు ఊళ్ళోకి వెళ్ళాడు. నేను బంగళా వంటింట్లోకి వెళ్ళి, మేకు మీద గుడ్డ విప్పి, ఆయన కత్తి తెచ్చాను.

ఈరమ్మ చూసింది. "గది సాబు కత్తి గద?"

"కడిగి పెడత."

"అడిగినవా?"

నేను పట్టీ అందుకుని కోయడం మొదలుపెట్టాను. ఆ కత్తి వెన్నలో దిగినట్టు దిగింది. తోలు, కొవ్వు, కండ ఒక్క ముక్కగా వచ్చాయి. బూడిదతో తోమి, మరిగే నీళ్ళు పోసి, మళ్ళీ తోమి, ఆయన తిరిగొచ్చేలోపు గుడ్డ చుట్టి మేకుకు తగిలించాను.

ముక్కలు వేయించి వరండాలోకి తీసుకెళ్ళాను. ఇంజనీరు వాళ్ళ ఊరి నుంచి తెచ్చుకున్న నల్లటి పులుపు రసం సీసా తెరిచి రెండు చుక్కలు వేసుకున్నాడు. ఒక ముక్క ఎత్తి వెలుగుకు పట్టి చూశాడు. నోట్లో పెట్టుకుని, ఇంకొకటి అందుకున్నాడు. రెండు జొన్నరొట్టెలతో పళ్ళెం ఖాళీ చేశాడు. జ్వరం వచ్చాక ఆయన కడుపునిండా తినడం అదే మొదలు. ఖాదర్ సాబ్ వరండా చివర నిలబడి చూస్తున్నాడు.

వంటింట్లోకి వచ్చాక అడిగాడు.

"కోత మంచిగున్నది. ఏ కత్తి?"

"నాదే ఉస్తాద్. నూరిన."

"నూరినవా?"

"నూరిన."

"శభాష్" అన్నాడు.

ఆయన నమ్మాడు. ఆ సాయంత్రం మేకు మీది కత్తి తీసి తన కూరకు ఉల్లిగడ్డలు కోసుకున్నాడు. వండుకుని, నా ఎదురుగా కూర్చుని తిన్నాడు. నేను నిలబడి చూశాను. ఆ పది నిమిషాల్లో ఎప్పుడైనా చెప్పవచ్చు. చెప్పలేదు.

మర్నాడు

మర్నాడు పొద్దున ఆయన మళ్ళీ కత్తి కోసం చేయి చాపుతుంటే ఇక ఆగలేకపోయాను.

"ఉస్తాద్, దాన్ని ముట్టకుండ్రి. నిన్న నేను గా మాంసం దాంతోనే కోసిన."

చేయి గాలిలోనే ఆగింది.

"నిన్న అడిగితె?"

"అబద్ధం చెప్పిన."

"నేను కూర వండుకుంటుంటె? తింటుంటె?"

"చూసిన."

ఆయన గిన్నె విసిరేస్తాడనుకున్నాను. విసరలేదు. బయటికి వెళ్ళి బావి గట్టు మీద చాలాసేపు కూర్చున్నాడు. తిరిగొచ్చి, కత్తిని గుడ్డతో పట్టుకుని తీసి, నేను కూరగాయలు తరిగే పీట మీద పెట్టాడు.

"తీస్కో. ఇగ అది నీది."

"ఉస్తాద్, మంచిగ కడిగిన. మూడుసార్లు..."

"కడిగినవ్ బేటా. నేను తినేముందల చెప్పలేదు."

ఆ తర్వాత ఉస్తాద్ తన కత్తి నాకిచ్చాడని కొందరు గొప్పగా చెప్పుకున్నారు. అది బహుమతి కాదని నాకూ ఆయనకూ తెలుసు. ఆయన సింధనూరు సంతలో మామూలు కత్తి ఒకటి కొనుక్కున్నాడు. ఇంజనీరుకు ఫిర్యాదు చేయలేదు. నన్ను తీసేయించాలనుకుంటే ఒక్క మాట చాలు. ఆ మాట అనలేదు. కానీ అప్పటినుంచి నేను చేసినది ఏదీ నోట పెట్టలేదు, ఏదీ నేర్పలేదు. ఉప్పు తే, నీళ్ళు పెట్టు, అంతే. అలా చలికాలం గడిచింది, ఎండాకాలం గడిచింది, మళ్ళీ చలికాలం వచ్చింది.

ఆ ఏడాదిలో నేను చాలాసార్లు నాలో నేనే వాదించుకున్నాను. బూడిదతో తోమితే, మరిగే నీళ్ళు పోస్తే ఇంకేం మిగులుతుంది అని. తర్వాత అర్థమైంది. శుభ్రానికి నా కొలత నాది, ఆయన కొలత ఆయనది. ఆయన కత్తికి నా కొలత పెట్టే హక్కు నాకు లేదు. వంటింట్లో పక్కవాడు ఏది తింటాడు, ఏది తినడు అన్నది నీకు నచ్చినా నచ్చకపోయినా అతను నిన్ను నమ్మి నీ చేతిలో పెట్టిన సంగతి. అది చెడగొడితే మిగతా ఎంత బాగా వండినా నిన్ను వంటవాడు అనలేరు. కొత్తగా వచ్చేవాళ్ళకు నేను గట్టిగా చెప్పేది ఇదొక్కటే.

చెంగప్పగారు వెళ్ళిపోయే ముందు

ఆ చలికాలంలో ఇంజనీరుకు బదిలీ వచ్చింది. వెళ్ళేముందు ఓవర్సీర్లలో, మేస్త్రీలలో పంది తినేవాళ్ళందరికీ మా ఇంటి వెనకే విందు పెడతానన్నాడు. నేను రెండు పందుల డొక్కలు ఉప్పుపెట్టి, మూడు బానలు వరసగా బోర్లించాను. ఎల్లవ్వ వాళ్ళు అప్పటికి పని వెంట వేరే చోటికి వెళ్ళిపోయారు. నేనొక్కడినే.

పొద్దెక్కేసరికి బానల్లోంచి పొగ చిక్కగా, పసుపూ నలుపూ కలిసి వస్తోంది. కట్టె మార్చాను. పేళ్ళు తగ్గించాను. తగ్గలేదు. అలాగే ఉంటే మాంసమంతా చేదెక్కుతుంది. మళ్ళీ తెప్పించడానికి టైము లేదు. కళ్ళు తుడుచుకుంటూ తలెత్తితే పెరటి దారిలో ఖాదర్ సాబ్ నిలబడి ఉన్నాడు. మా ఇంటి దగ్గరికి ఆయన రావడం అదే మొదటిసారి. పొగ తగలకుండా గాలి వచ్చే వైపు నిలబడి, ముక్కుకు రుమాలు పెట్టుకున్నాడు.

"బంగళా దాక వస్తాంది నీ పొగ. గాలి బొక్క ఎక్కడ?"

"గిటు పక్క ఒకటున్నది ఉస్తాద్."

"మూడు గుంతలకు ఒక్కటా? నిప్పుకు ఊపిరాడుత లేదు. సస్తున్న నిప్పు నల్లపొగనే ఇడుస్తది. పార ఎక్కడ?"

పార ఇచ్చాను. బానల దగ్గరికి రాలేదు. గాలి వైపు నుంచే ఆయన నేలలో కాలువ తీయడం మొదలుపెట్టాడు. అరవై దగ్గరపడ్డ మనిషి, నా చేతికి పార ఇవ్వలేదు. కాలువను మూడు పాయలుగా చీల్చి, ఒక్కో పాయ గుంతకు మూరెడు దూరంలో ఉండగా ఆగి, "ఇగ నువ్వు తవ్వు" అన్నాడు. ఆ చివరి మూరెడూ నేను తవ్వాను. గాలి లోపలికి దూరింది. నిప్పులు ఎర్రబడ్డాయి. కాసేపటికి పొగ సన్నబడి, నీలంగా మారింది.

ఆయన రాయి మీద కూర్చున్నాడు. పొగను చూస్తూ మధ్యాహ్నందాకా అక్కడే ఉన్నాడు. మధ్యలో రెండుసార్లు "ఆ మూల బాన సూడు" అన్నాడు. లోపల ఏమున్నదని గానీ, ఎలా వచ్చిందని గానీ అడగలేదు. తను తినని, ముట్టని వస్తువు చెడిపోకూడదని ఒక పూటంతా కూర్చున్న వంటవాణ్ణి నేను మళ్ళీ చూడలేదు.

పొద్దు నడినెత్తికి వచ్చాక పందిరి వైపు చూసి ఈరమ్మను పిలిచాడు.

"బిడ్డా, ఆకలైతాంది. ఇంట్ల ఏమున్నది?"

"జొన్నరొట్టె, పుంటికూర ఉన్నది సాబ్." ఈరమ్మ పందిరి బయటికి వచ్చింది. "మా గిన్నెలన్నీ వేరే సాబ్. బయటిది ఏదీ లోపలికి రానియ్య."

ఆయన ఆమెను కాదు, నన్ను చూశాడు.

"నిజమేనా?"

"నిజమే ఉస్తాద్."

"అయితె పెట్టు బిడ్డా" అన్నాడు.

చేతులు కడుక్కుని పందిరి కింద కూర్చుని, రెండు రొట్టెలు తిన్నాడు.